‘ది లో ఎండ్ థియరీ’ని లాస్‌లెస్‌లో విన్నాను

అమెరికన్ హిప్-హాప్ బృందం ఎ ట్రైబ్ కాల్డ్ క్వెస్ట్ ఆల్బమ్ ‘ది లో ఎండ్ థియరీ’ 1991 సెప్టెంబరులో వచ్చింది. బేస్‌నే నమ్ముకున్న ఆల్బమ్ అది. దాన్ని నేను ఏళ్ల తరబడి బాగా కుదించిన 128 కేబీపీఎస్ ఎంపీ3ల్లోనే విన్నాను. పాటలన్నీ నోటికి వచ్చు. అయినా సీడీలో ఉన్నది ఉన్నట్టుగా వినాలన్న కోరిక మాత్రం పోలేదు.

స్ట్రీమింగ్‌లోనూ లాస్‌లెస్, అంటే డేటా ఏమీ పోని ఆడియో, దొరుకుతుంది. కానీ అక్కడ ఏ మాస్టర్ (పాటల తుది రికార్డింగ్) పెట్టారో చాలాసార్లు తెలియదు. రీమాస్టర్ పేరుతో సౌండ్ పెంచేసిన పాత ఆల్బమ్‌లు కొన్ని విన్నాక, సెకండ్ హ్యాండ్ సీడీ కొనడమే మంచిదనిపించింది. ఎగ్జాక్ట్ ఆడియో కాపీ అనే ప్రోగ్రామ్‌తో పాటలను కంప్యూటర్‌లోకి రిప్ చేసి, ఫ్లాక్ అనే లాస్‌లెస్ ఫార్మాట్‌లో దాచుకున్నాను. అదే సీడీని ఇంతకుముందు రిప్ చేసినవాళ్ల ఫలితాలతో మనది సరిపోయిందో లేదో ఆ ప్రోగ్రామ్ చెబుతుంది. గీతలు పడ్డ ఒక పాట దగ్గర తేడా చూపించింది. డిస్కును మెత్తటి గుడ్డతో మధ్య నుంచి అంచు వైపు తుడిచి మళ్లీ పెడితే సరిపోయింది. ఫ్లాక్‌లో సైజు బాగా తగ్గుతుంది గానీ, ప్లే చేసేటప్పుడు సీడీలోని 16 బిట్, 44.1 కిలోహెర్ట్జ్ డేటా మొత్తం తిరిగి వస్తుంది.

మామూలు బ్లూటూత్ పాటను మళ్లీ కంప్రెస్ చేస్తుంది కాబట్టి వైరు హెడ్‌ఫోన్స్, చిన్న యూఎస్‌బీ డ్యాక్ (డిజిటల్ డేటాను హెడ్‌ఫోన్స్‌కి వెళ్లే సిగ్నల్‌గా మార్చేది) వాడాను.

‘ఎక్స్‌కర్షన్స్’ మొదట్లో డబుల్ బేస్ ఒక్కటే వినిపిస్తుంది. జాజ్ డ్రమ్మర్ ఆర్ట్ బ్లేకీ రికార్డు నుంచి తీసుకున్న ముక్క, అంటే శాంపిల్ అది. దానిమీద బృందంలోని ర్యాపర్ క్యూ-టిప్ గొంతు, ఆ తర్వాతే డ్రమ్స్. పాత ఫైల్‌లో ఆ బేస్ ఒక మందపాటి హోరులా ఉండేది. ఇప్పుడు తీగను వేలు లాగడం ముందు వినిపించి, ఆ వెంటనే స్వరం నిండుతోంది. కిక్ డ్రమ్ పడ్డా బేస్ దానికింద నలిగిపోవడం లేదు. ‘వర్సెస్ ఫ్రమ్ ది అబ్‌స్ట్రాక్ట్’లోనైతే బేస్ వాయించింది స్వయంగా రాన్ కార్టర్, 1960లలో జాజ్ ట్రంపెటర్ మైల్స్ డేవిస్ బృందంలో ఉన్నాయన. శాంపిల్ ఒకేలా తిరుగుతూ ఉంటుంది. ఈయన వాయిస్తుంటే ప్రతి స్వరం ఆగే తీరు వేరుగా ఉంది. ఇంజనీర్ బాబ్ పవర్ మిక్సింగ్ ఎంత శ్రద్ధగా చేశాడో అక్కడ అర్థమైంది. ‘బగ్గిన్ అవుట్’లో మరో ర్యాపర్ ఫైఫ్ డాగ్ ఊపిరి తీసుకోవడం కూడా స్పష్టంగా ఉంది.

అదే ఫ్లాక్ నుంచి 320 కేబీపీఎస్ ఎంపీ3 చేసి, ఏది ఏదో చూడకుండా విన్నాను. చాలా పాటల్లో తేడా పట్టుకోలేకపోయాను. 128 మాత్రం డ్రమ్స్‌లోని సింబల్స్ (తాళాలు) దగ్గరే దొరికిపోయింది. ఇలాంటి ఆల్బమ్‌కి సీడీని మించిన 24 బిట్ హై-రెజ్ ఆడియో అక్కర్లేదని నా అభిప్రాయం. ఆ కాలపు హిప్-హాప్‌లో బాగా వాడిన ఎస్‌పీ-1200 శాంప్లర్ యంత్రం రికార్డు చేసేదే 12 బిట్, 26 కిలోహెర్ట్జ్ దగ్గర. శాంపిల్స్‌లోని ఆ గరుకుదనం, పాత రికార్డుల చిటపటలు లాస్‌లెస్‌లోనూ పోవు, పోకూడదు కూడా. పోయేది ఎంపీ3 కలిపిన మసక ఒక్కటే.

మీరు వింటే ముందు ఫోన్‌లో బేస్ బూస్ట్ తీసేయండి. ఈ ఆల్బమ్‌లో కావలసినంత బేస్ వాళ్లే పెట్టారు.