డోర్నకల్‌లో పనిగట్టుకుని దిగాను

విజయవాడ వైపు వెళ్లేవాళ్లకి డోర్నకల్ అంటే భద్రాచలం రోడ్ లైను చీలే జంక్షన్, అంతే. సిగ్నల్ లేక రైలు ఆగిన ప్రతిసారీ నేను తిట్టుకున్న ఊరు అది. ఈసారి బిషప్ అజరయ్య కట్టించిన చర్చి చూద్దామని దిగాను. స్టేషన్ బయట ఆటో అబ్బాయి వంద అడిగాడు. మా ఖమ్మంలో అంత దూరానికి ఇరవై ఇస్తే మహా ఎక్కువ, కానీ ఆ ఎండలో బేరమాడే ఓపిక లేక గొణుక్కుంటూనే ఎక్కాను.

తీరా వెళ్తే తలుపుకి తాళం. తాళంచెవి ఉన్నాయన భోజనానికి వెళ్లాడట. చేసేదేం లేక బయటే తిరిగాను. మెదక్ చర్చి చూసిన కళ్లు కదా, అలాంటి గోతిక్ శిఖరం ఉంటుందనుకున్నా. ఇక్కడ గుమ్మటాలు చూస్తే మసీదు, చెక్కిన రాతి స్తంభాలు చూస్తే గుడి మండపం, పైన సిలువ. 1939 జనవరి 6న ప్రతిష్ఠించారు. అప్పటికి ఇది నిజాం రాజ్యం, అజరయ్యేమో తిరునల్వేలి వైపు తమిళుడు, ఒక పల్లె పాస్టరు కొడుకు.

నీడలో ఒక పెద్దావిడ కూర్చుని ఉంది. "ఏ ఊరు బిడ్డా?" అని మొదలుపెట్టి ఇక ఆపలేదు. వాళ్లమ్మ చిన్నతనంలో అజరయ్య గారు ఎడ్లబండి మీద వాళ్ల పల్లెకి వచ్చేవాడట, తెలుగులోనే ప్రసంగం చేసేవాడట. "నాలుగు దయ్యాలను ఎల్లగొట్టమనేటోడంట" అంది. దయ్యాలేంటి అని నవ్వాను. ఆవిడ నవ్వలేదు, వేళ్లు మడిచి లెక్కపెట్టింది: "మురికి, రోగం, అప్పు, తాగుడు." ఆయన ఊరూరా చెప్పిన మాటే ఇది. మాల మాదిగ పల్లెల్లో ఆ నాలుగూ ఎంత నిజమో ఆయనకి బాగా తెలుసు మరి.

ఎవరికైనా లొంగే రకం మాత్రం కాదు. విదేశీ సొమ్ము లేకుండా మన డబ్బుతో, మన మనుషులతోనే నడవాలని 1903లో తిరునల్వేలిలో ఒక మిషనరీ సంఘం పెట్టిన వాళ్లలో ఆయనొకరు, 1909లో ఇక్కడికి వచ్చిందీ ఆ సంఘం తరఫునే. ఆ మరుసటి ఏడు ఎడిన్‌బరోలో జరిగిన ప్రపంచ మిషనరీల సభలో తెల్ల మిషనరీల మొహం మీదే, మీరు బీదలకి ఆస్తులిచ్చారు, ప్రాణాలిచ్చారు, మాకు స్నేహితులను కూడా ఇవ్వండి అన్నాడు. నాకైతే అన్నిటికంటే అదే నచ్చింది. 1912 డిసెంబరు 29న కలకత్తాలో బిషప్‌గా అభిషేకం, ఆంగ్లికన్ సంఘంలో, అంటే ఇంగ్లండు చర్చి శాఖలో, మొదటి భారతీయ బిషప్. ఆయన పోయేదాకా ఒక డయాసిస్‌ని (ఒక బిషప్ కింద ఉండే చర్చిల ప్రాంతాన్ని) ఏలిన భారతీయుడు ఇంకొకరు లేరు. ముప్పై ఏళ్లకి పైగా ఒక్కడే! మతమార్పిడుల విషయంలో గాంధీగారితోనూ పడలేదు, అయినా క్రైస్తవులకి ప్రత్యేక నియోజకవర్గాలు వద్దన్నదీ ఈయనే.

తాళంచెవి ఆయన రానేలేదు. 1945 జనవరి 1న అజరయ్య ఇక్కడే పోయాడు, సమాధీ ఈ ఊళ్లోనే. వేర్వేరు చర్చి సంఘాలన్నీ ఒకటవ్వాలని జీవితమంతా తిరిగాడు. అలా కలిసిన చర్చ్ ఆఫ్ సౌత్ ఇండియా (సీఎస్ఐ) ఏర్పడింది మాత్రం ఆయన పోయాక, 1947 సెప్టెంబరులో. లోపల చూడాలంటే ఆదివారం పొద్దున్నే రమ్మంది పెద్దావిడ, ఆటో ఎక్కకుండా నడిచి రమ్మని కూడా చెప్పింది.