వాన లేని ఊళ్ళో మట్టి మిద్దెలు

పెరూలో పాత ఇంకా రాజుల ఊరు మాచు పిచ్చు పోయేవాళ్ళకు రాజధాని లీమా ఒక బస్టాండు. దిగాలి, ఓ రాత్రి నడుం వాల్చాలి, తెల్లారి దాని దగ్గరి ఊరు కుస్కోకి విమానం పట్టుకోవాలి. డాలస్‌లో మాకు తెలిసినవాళ్ళలో పెరూ చూసొచ్చిన కుటుంబాలు చాలానే ఉన్నాయి. ఒక్కరి నోటా లీమా గురించి మంచి మాట రాలేదు. "మబ్బు, ట్రాఫిక్. అంతే" అన్నారు. మా వారికేమో మాచు పిచ్చు పిచ్చి. కుస్కో టికెట్లు బాగా తగ్గిన రోజు చూసి బుక్ చేశానని సంబరంగా చెప్పారు గానీ, ఆ రోజు వచ్చేదాకా మనం లీమాలోనే కూర్చోవాలన్న సంగతి విమానం ఎక్కాక బయటపెట్టారు.

దిగిన రోజు నుంచీ నాకు ఆ ఆకాశం మీద కోపం. అక్టోబరు నెల, వాళ్ళ లెక్కలో వసంతం. పొద్దున ఏడింటికి ఎలా ఉందో మధ్యాహ్నం రెండింటికీ అలాగే ఉంది, బూడిద రంగులో. గాలిలో సన్నటి తేమ, దాన్ని గరువా అంటారు. గొడుగు వేసుకునేంత ఉండదు, వేసుకోకపోతే జుట్టు తడుస్తుంది. ఉతికి ఆరేసిన చుడీదారు మర్నాటికి కూడా ముట్టుకుంటే చల్లగా తగిలింది. అంత మబ్బుండీ వాన మాత్రం పడదు. ఏడాదంతా కలిపినా రెండు సెంటీమీటర్లు రాదు. కోటి మంది ఉన్న ఊరు, కూర్చుంది ఎడారిలో. పసిఫిక్‌లో దక్షిణం నుంచి హంబోల్ట్ ప్రవాహం వస్తుంది, మహా చల్లటి నీళ్ళు. దాని మీది గాలి చల్లబడి కిందే ఉండిపోతుంది, పైన వెచ్చటి గాలి మూతలా కూర్చుంటుంది. మబ్బు కడుతుంది కానీ వాన కురిసేంత ఎత్తుకు లేవలేదు. తాగేందుకు నీళ్ళు ఆండీస్ కొండల నుంచి రీమాక్ నది తెచ్చిపెట్టాలి.

టూరిస్టులు దిగే మీరాఫ్లోరెస్ పేటలో హోటళ్ళ రేట్లు అమెరికాకు ఏమాత్రం తీసిపోవు. సోల్ అంటే అక్కడి డబ్బు, అప్పట్లో మన లెక్కలో ఇరవై రెండు, ఇరవై మూడు రూపాయలు. డాలర్లలో జీతం తీసుకుంటూ ఇంకా రూపాయల్లో లెక్కేసుకునే అలవాటు నాకు పోలేదు, పోదు కూడా. అందుకని మగ్దలేనా అనే ఇంకో పేటలో ఒక ఇంటి మేడ మీద గది తీసుకున్నాం. ఇంటావిడ కింద ఉంటుంది. పైకప్పు బల్లపరుపు, మూలల్లో ఇనప కడ్డీలు ఆకాశంలోకి పొడుచుకొచ్చి ఉన్నాయి, పై అంతస్తు ఎప్పుడైనా వేసుకోవచ్చని. నీళ్ళు పోవడానికి ఒక్క తూము కూడా లేదు. రాయలసీమలో పుట్టినదాన్ని, నా కళ్ళు ముందు అక్కడికే పోయాయి.

మర్నాడు వాకా పుక్యానాకి వెళ్ళాం, వెళ్ళడానికి వేరే పని లేక. మీరాఫ్లోరెస్ నడిమధ్యలో, చుట్టూ అపార్ట్‌మెంట్లు నిలబడి ఉంటే మధ్యలో మట్టి దిబ్బ. దూరం నుంచి చూస్తే ఇటుకల బట్టీ అనుకుంటారు. దగ్గరికి వెళ్తే అది మెట్లు మెట్లుగా కట్టిన పిరమిడ్. క్రీ.శ. 200 నుంచి 700 దాకా ఈ తీరంలో ఉన్నవాళ్ళు కట్టారు. వాళ్ళు తమను తాము ఏమని పిలుచుకున్నారో గానీ, ఇప్పటివాళ్ళు లీమా సంస్కృతి అంటున్నారు. ఇంకాలు ఇక్కడికి వచ్చింది 15వ శతాబ్దంలో, అంటే అప్పటికే ఇది పాతబడి శ్మశానంగా కూడా వాడేశారు. గత శతాబ్దంలో రోడ్ల కోసం, ఇళ్ళ కోసం దీన్ని కొంత తవ్వి చదును చేసేశారు. మిగిలిన దిబ్బ మీద కుర్రాళ్ళు మోటారు సైకిళ్ళు తోలేవాళ్ళట. 1981లో గానీ సరైన తవ్వకాలు మొదలు కాలేదు.

గైడు ఒక గోడ దగ్గర ఆపి ఇటుకలు చూపించింది. చిన్న చిన్న పచ్చి ఇటుకలు, అచ్చు కూడా లేకుండా చేత్తో చేసినవి. పడుకోబెట్టలేదు, నిలబెట్టారు. బీరువాలో పుస్తకాలు పేర్చినట్టు వరసగా, మధ్యలో కాస్త కాస్త సందు వదిలి. భూమి కదిలితే ఇటుకలు ఆ సందుల్లో అటూ ఇటూ ఊగుతాయి, గోడ మాత్రం నిలబడుతుంది. కాల్చిన ఇటుక లేదు, సున్నం లేదు. పదిహేను వందల ఏళ్ళుగా మట్టి మట్టిలాగే ఉంది.

తాడిపత్రి దగ్గర మా జేజివాళ్ళ ఇల్లు మట్టి మిద్దె. దూలాలు, దంతెలు, వాటి మీద మట్టి, పైన చవుడు, అంటే ఉప్పు మట్టి. ఏటా వానలకు ముందు బండితో చవుడు తోలించి మిద్దె మీద పరచాలి. ఒక ఏడాది బద్ధకించారో, పోయినట్టే. రాత్రి వాన మొదలైతే జేజి లేచి మిద్దెలో వెలుగు కోసం వదిలిన గవాచి మీద బండ మూసి, మిద్దె కారే చోటల్లా గిన్నెలు, చెంబులు, ఆఖరికి ఉగ్గుగిన్నెతో సహా పెట్టేది. మేము మంచాలు జరుపుకుంటూ తెల్లార్లూ జాగారం. జేజి పోయాక రెండు వానాకాలాలు చూసేవాళ్ళు లేకపోతే వెనక గది కూలిపోయింది. వాన తక్కువని పేరుపడ్డ అనంతపురం జిల్లాలోనే మట్టి గతి అది. ఇక్కడ వీళ్ళ దిబ్బకు ఏడాదికి నాలుగు చుక్కలు. నాకు మొదటిసారి ఆ బూడిద ఆకాశం మీద కోపం పోయి అసూయ పుట్టింది.

ఇక అసలు సంగతి కోంబీ ప్రయాణం. సిటీ మధ్యలోకి పోదామని అవెనీదా బ్రసీల్‌లో నిలబడ్డాం. టాక్సీ అతను చెప్పిన రేటు విని మా వారు కోంబీయే మేలన్నారు. కోంబీ అంటే పాత వ్యాను. తలుపులో వేలాడుతూ ఒక కుర్రాడు "తోదో బ్రసీల్, తోదో బ్రసీల్" అని, బ్రసీల్ రోడ్డంతా పోతుందని గొంతు చించుకుంటాడు. ఎక్కమని తొందర, ఎక్కాక లోపలికి జరగమని తొందర. లోపల మా వారు తల వంచుకునే నిలబడ్డారు, ఆరడుగుల మనిషికి ఆ వ్యానులో చోటు లేదు. ఒక సెంటర్లో డ్రైవరు వేగం తగ్గించాడు. ఫుట్‌పాత్ మీద చిన్న పుస్తకం పట్టుకుని ఒకాయన నిలబడి ఉన్నాడు. ఏదో అంకె అరిచాడు, కుర్రాడు ఒక నాణెం ఆయన చేతిలోకి విసిరాడు. ముందు వెళ్ళిన పోటీ వ్యాను ఎన్ని నిమిషాల ముందుందో చెప్పడమే ఆయన ఉద్యోగం. దూరం ఎక్కువుంటే మన వ్యాను నెమ్మదిగా జనాన్ని ఏరుకుంటూ పోతుంది, తక్కువుంటే ఇక రేసు. మాకు ఆ రోజు రేసు పడింది. దిగేవాళ్ళకు కుర్రాడు "కుడికాలు, కుడికాలు" అని కేకేస్తాడు, ఎందుకంటే వ్యాను పూర్తిగా ఆగదు, ఎడంకాలు పెడితే బోర్లా పడతారు.

బొలోగ్నేసి కూడలి దగ్గర రేసు ఆగిపోయింది. ముందు వ్యానూ, వెనక వ్యానూ, బస్సులూ, అన్నీ నిలబడిపోయాయి. దారి మళ్ళించారట. డ్రైవరు ఇంజన్ ఆపేసి పేపరు తీశాడు. నా పక్కన కూర్చున్న పెద్దావిడ ఊదారంగు అంగీ వేసుకుని నడుముకు తెల్లతాడు కట్టుకుంది. వ్యానులో ఇంకా ఇద్దరు ముగ్గురు అలాగే ఉన్నారు. టెక్సాస్‌లో ఉండి ఉండి నాకు కొంచెం స్పానిష్ వంటబట్టింది, అడిగాను. "ఊరేగింపమ్మా. సెన్యోర్ దే లోస్ మిలాగ్రోస్. మీకు తెలీదా?" అని నా వైపు జాలిగా చూసింది. అద్భుతాల ప్రభువని ఆ పేరుకు అర్థం. ఆ తర్వాత అరగంట పైనే ఆ కథ చెప్పింది. సగం నాకు అర్థమైంది, మిగతా సగం తర్వాత చదువుకున్నాను.

1535లో పెరూను గెలిచిన స్పెయిన్ సేనాని పిసారో ఈ ఊరు కట్టినప్పటి నుంచీ ఆఫ్రికా నుంచి బానిసలను తెచ్చారు. పచకమియ్యా అనే పేటలో అంగోలా నుంచి వచ్చినవాళ్ళు ఒక సంఘం పెట్టుకున్నారు. వాళ్ళలో ఒకడు 1651లో తాము కూడే కొట్టం గోడ మీద శిలువ వేసిన క్రీస్తు బొమ్మ గీశాడు. పచ్చి ఇటుకల గోడ, మామూలు మట్టి గోడ. 1655 నవంబరులో భూకంపం వచ్చింది. పెద్ద పెద్ద భవనాలు పడిపోయాయి, ఈ గోడ నిలబడింది. జనం దణ్ణం పెట్టుకోవడం మొదలుపెట్టారు. బానిసల దేవుడి దగ్గర అంత గుంపు పోగవడం దొరలకు నచ్చక 1671లో బొమ్మ చెరిపేయమని మనుషుల్ని పంపారు, చెరపబోయిన వాళ్ళ చేతులు ఆడలేదని చెప్పుకుంటారు. 1687 అక్టోబరులో మళ్ళీ భూకంపం, మళ్ళీ ఆ గోడ అలాగే ఉంది. అప్పుడు దాని నకలు ఒకటి నూనె రంగుల్లో గీయించి వీధుల్లోకి తీసుకొచ్చారు. ఆ ఊరేగింపే ఇప్పటికీ ప్రతి అక్టోబరులో జరుగుతుంది. నెలంతా ఊరు ఊదారంగే. అలియాన్సా లీమా ఫుట్‌బాల్ జట్టు కూడా ఈ నెల ఊదా జెర్సీ తొడుక్కుంటుంది.

"ఆ గోడ ఇంకా ఉందా?" అని అడిగాను.

"ఉండక! నాసరేనాస్ గుడిలో, పెద్ద బలిపీఠం మీద. గోడను కదపలేదు, గుడినే గోడ చుట్టూ కట్టారు" అంది.

వ్యాను ఇక కదిలేలా లేదని దిగి ఆవిడ వెనకే నడిచాం. కుడికాలే పెట్టాను. తాక్నా వీధికి చేరేసరికి జనం, సాంబ్రాణి పొగ. వెండి తాపడం చేసిన పెద్ద పల్లకి భుజాల మీద ఊగుతూ వస్తోంది. మోసేవాళ్ళంతా మగవాళ్ళే, జట్లు జట్లుగా మారుతున్నారు. పల్లకి ముందు ధూపం పట్టుకున్న ఆడవాళ్ళు దేవుడికి వీపు చూపించకూడదని వెనక్కి నడుస్తున్నారు, గంటల తరబడి, పొగ కళ్ళల్లో పడుతుండగా. మోయడానికి మాత్రం ఆడవాళ్ళు పనికిరారట. ఎక్కడికి పోయినా ఈ లెక్క ఒకటే.

రోడ్డు పక్కన తుర్రోన్ అమ్ముతున్నారు. సోంపు వాసన వేసే పిండి కడ్డీలు, మధ్యలో పాకం, పైన రంగు రంగుల చక్కెర బిళ్ళలు. పండగ రేటు కాబట్టి డబ్బులెక్కువే గుంజారు. మా వారు ఒక ముక్క తిని పంటికి అతుక్కుందని మిగతాది నాకిచ్చేశారు. నాకు బాగుంది. గుమ్మడి, చిలగడదుంప కలిపిన పిండితో వేసే పికరోనెస్ ఇంకా బాగుంది. ఎద్దు గుండె ముక్కలు కాల్చే బండ్ల పక్కన మాత్రం ముక్కు మూసుకుని నడిచాను. ఆ గుంపులో హ్యాండ్‌బ్యాగ్ రెండు చేతులతో పట్టుకునే సరికి దణ్ణం పెట్టడానికి చేతుల్లేవు.

కెథెడ్రల్‌కి తర్వాతి రోజు పోయాం. రాతి కమాన్లు చూసి మా వారు "ఇదీ కట్టడమంటే" అన్నారు. అవి రాయి కాదు. 1746 అక్టోబరు 28 రాత్రి వచ్చిన భూకంపంలో లీమాలో మూడు వేల ఇళ్ళకు గాను ఇరవై అయిదు మాత్రమే నిలబడ్డాయంటారు. పక్కనున్న కయావో రేవును సముద్రం మింగేసింది, సుమారు అయిదు వేల మందిలో బతికింది రెండు వందల మందే. భూమి కొలతల కోసం వచ్చి ఇక్కడే లెక్కల ప్రొఫెసర్‌గా ఉండిపోయిన ఫ్రెంచాయన లూయీ గొదాఁ, ఎత్తయిన గోడలు వద్దు, రాతి కప్పులు వద్దు అని సలహా ఇచ్చాడు. దాంతో కొయ్య చట్రానికి వెదుళ్ళు అల్లి, మట్టి మెత్తి, పైన సున్నం పూసే పాత పద్ధతి మళ్ళీ పెద్ద భవనాల్లోకి వచ్చింది. దాన్ని కించా అంటారు. కెథెడ్రల్ పైకప్పు కూడా అదే, రాయిలా కనిపించేలా రంగు వేశారు. పిసారో సమాధి ఆ కప్పు కిందే ఉంది. ఎవరిదో ఎండిన శవాన్ని ఆయనదని చాలాకాలం అద్దాల పెట్టెలో చూపించారు. 1977లో నేలమాళిగలో పనివాళ్ళకు సీసపు పెట్టెలో పుర్రె దొరికాక గానీ అసలు మనిషి బయటపడలేదు. నాకు ఆయన మీద పెద్ద ఆసక్తి కలగలేదు. తల పైకెత్తి ఆ మట్టి కప్పునే చూస్తూ మెడ నొప్పి తెచ్చుకున్నాను.

సెవిచే గురించి రాయకపోతే లీమా వెళ్ళినట్టు ఎవరూ నమ్మరు. తిన్నాం. పచ్చి చేప ముక్కలు నిమ్మరసంలో, పక్కన చిలగడదుంప. మధ్యాహ్నమే తినాలి, సాయంత్రం మంచి చోట్ల పెట్టరు. బాగుంది, కానీ మా వారు రెండో రోజు నుంచీ చైనా వంటల హోటల్లో ఫ్రైడ్ రైస్ మీదే బతికారు. అలాంటి హోటళ్ళు, వాటిని చీఫా అంటారు, ప్రతి వీధిలో ఉన్నాయి.

కుస్కో విమానం రోజు పొద్దున ఇంటావిడకు తాళాలు ఇవ్వబోతే టీ తాగమంది. మిద్దెకు తూము లేదేమని అప్పుడు అడిగేశాను, అప్పటిదాకా ఆపుకున్నాను. 2023 మార్చిలో యాకు తుపాను వచ్చినప్పుడు చూడాల్సింది అంది. లీమాలో నిజం వాన పడింది. కొండ వాలు కాలనీల్లో బురద ప్రవాహాలు దిగాయి. ఆవిడ కప్పు మీద నీళ్ళు నిలిచి, పడకగది గోడ వెంట కారి, పరుపు పాడైంది. ఇంట్లో ఉన్న గిన్నెలన్నీ పెట్టిందట. వాళ్ళ నాన్న ఇల్లు బార్రియోస్ ఆల్తోస్ అనే పాత పేటలో ఉండేది, కప్పు వెదుళ్ళు, పైన మట్టి పూత. ఇప్పుడు ఎవరో కొనుక్కున్నారు, పడిపోవడానికి సిద్ధంగా ఉంది. ఇక్కడ మాత్రం ఏటా జనవరిలో ప్లాస్టిక్ షీటు పరుస్తుంది, ఎండకు చిరుగుతుంది, మళ్ళీ కొంటుంది. షీటు ధర చెప్పి తిట్టుకుంది.

నేను మా మిద్దె సంగతి చెప్పాను. ఎంత మందం వేస్తారు, ఎన్నాళ్ళకోసారి, ఖర్చెంత అని వరసగా అడిగింది. చవుడు చెరువు పక్కన ఊరికే దొరుకుతుంది, బండికే డబ్బులు అన్నాను. "ఇక్కడ మట్టి కూడా కొనుక్కోవాలి" అని నవ్వింది.

ఈలోగా టాక్సీ వచ్చింది. ఎయిర్‌పోర్టుకు డ్రైవరు అరవై సోల్‌లు అన్నాడు. మా వారు పర్సు తీయబోతుంటే ఇంటావిడ చెప్పులు కూడా వేసుకోకుండా గేటు దగ్గరికి వచ్చి, వాడితో పెద్ద గొడవ పెట్టుకుని నలభై అయిదుకు దించింది.