ఇంకో టేక్ చేస్తా మాస్టర్

పన్నెండేళ్లు సినిమాల్లో ఫైటర్‌గా చేశాను. కరాటే వచ్చు కాబట్టి హీరో తంతే ఎగిరిపడేది నేనే, కొన్నిసార్లు హీరో డ్రెస్ వేసుకుని తన్నేదీ నేనే.

ఆ రోజు రోప్ షాట్. తాడు వెనక్కి లాగగానే బెడ్ మీద వీపంతా ఆనేలా పడాలి. అర సెకను ముందే లాగేశారు. బెడ్ అంచు దాటి పిర్రల మీద కూలబడ్డాను. వెంటనే లేచి, "ఇంకో టేక్ చేస్తా మాస్టర్" అన్నాను. చేశాను కూడా. ఆ రెండో టేక్‌తోనే పగులు పెరిగి ఉంటుందని తర్వాత చెప్పారు. మా పనిలో ముందు అబ్బేది తన్నడం కాదు, దెబ్బ తగిలాక దుమ్ము దులుపుకోవడం.

నొప్పి బిళ్ల వేసుకుని పడుకున్నాను. రాత్రి రెండింటికి మెలకువ వచ్చింది. పొత్తికడుపు ఉబ్బింది, మూత్రం రావట్లేదు. కుళాయి తిప్పి ఆ చప్పుడు వింటూ నిలబడ్డా చుక్క రాలేదు. తొడల మధ్య గిల్లుకుంటే తెలియలేదు, ఎవరి ఒళ్లో గిల్లినట్టుంది. అప్పుడు కూడా నా టెన్షన్ పొద్దున కాల్షీట్ గురించే! మా ఆవిడ లైటు వేసి నా మొహం చూసి, "ఇక యాక్టింగ్ ఆపండి" అంది. ఆవిణ్ణి దేవుడే లేపాడని అమ్మ అంటుంది. కాదనను. కానీ లేపింది నేను పడేసిన బకెట్ చప్పుడు.

నడుములో మొదటి వెన్నుపూస పగిలి, ముక్క నరాలను నొక్కుతోంది. వెంటనే ఆపరేషన్, స్క్రూలు, రాడ్లు. ఆపరేషన్ చేసిన డాక్టర్ మూడో రోజు మంచం పక్కన నిలబడి, జూనియర్‌తో "స్టంట్ వాళ్లకి ఇవి మామూలే, తెలిసే కదా దిగుతారు" అన్నాడు. నేను మెలకువగానే ఉన్నాను. ఆయన చేతికి దణ్ణం పెడతాను. నోటికి పెట్టను.

నెలల తరబడి బెల్టు బిగించుకుని ఉంటే, వచ్చినవాళ్లంతా బ్రూస్ లీ కథే. 1970లో బరువులెత్తుతూ నడుం దెబ్బతిన్నాడు, ఇక తన్నలేవన్నారు, అయినా తన్నాడు. నిజమే. ఆ నొప్పి తర్వాత కూడా ఆయన్ను వదల్లేదన్న ముక్క మాత్రం ఎవరూ చెప్పరు. నాకు జాకీ చాన్ గుర్తొచ్చేవాడు. 1986లో యుగోస్లావియాలో చెట్టు మీదికి దూకే షాట్, మొదటిసారి బాగానే వచ్చింది. తృప్తి లేక మళ్లీ దూకాడు. కొమ్మ విరిగింది, పుర్రె పగిలింది.

ఇంకో టేక్!

నడుం మీద పడ్డాక మూత్రం ఆగినా, తొడల మధ్య మొద్దుబారినా తెల్లారేదాకా ఆగొద్దు. ఆ నరాలు గంటల లెక్కలో చచ్చిపోతాయి. నా ఎడమ మడమకి ఇప్పటికీ సరిగ్గా స్పర్శ లేదు.

ఇప్పుడు నేను ఎగరను, తాడు పట్టుకుంటాను. మొన్న ఓ కుర్రాడు పడి లేచి, బొటనవేలు ఎత్తి చూపించాడు. దగ్గరికెళ్లి "ఒంటేలుకి వెళ్లి రా, తర్వాతే రెండో టేక్" అన్నాను. యూనిట్ అంతా నవ్వింది. వాడు వ్యాన్ వెనక్కి వెళ్లి వచ్చేదాకా తాడు ముడి వెయ్యలేదు.