గుర్రం తన్నిన నది ఒడ్డున

గూడూరు దగ్గర ఒక హైస్కూల్లో ఇరవై ఏళ్లు సైన్సు చెప్పాను. మా ల్యాబులో ఒక చెక్క బీరువా ఉండేది. అందులో గూడూరు మైకా, మంగంపేట బెరైటీస్, పులివెందుల రాతినార. ప్రతి రాయి కిందా ఏ రాయి, ఎక్కడ దొరికింది, ఎవరు తెచ్చారు అని పిల్లల చేతే చీటీ రాయించేవాణ్ణి. అందుకే స్కాట్లాండ్‌లో పుట్టిన భూగర్భ శాస్త్రవేత్త జేమ్స్ హెక్టర్ అంటే నాకు అంత ఇష్టం. జీవితంలో సగానికి పైగా ఆయన ఒక మ్యూజియం కోసమే పనిచేశాడు.

కెనడాలో, కాల్గరీలో ఉన్న మా అబ్బాయి దగ్గరికి వెళ్లగానే చెప్పాను, ఏం చూపించినా చూపించకపోయినా హెక్టర్‌ని గుర్రం తన్నిన కికింగ్ హార్స్ నది మాత్రం చూపించాలని. శనివారం తెల్లవారకముందే బయలుదేరాం. మా కోడలు పులిహోర, పెరుగన్నం డబ్బాల్లో సర్ది ఇచ్చింది.

లేక్ లూయీస్ దాటాక కికింగ్ హార్స్ కనుమ వస్తుంది. ఎత్తు 1,627 మీటర్లు. అక్కడ కురిసిన వానలో కొంత తూర్పుకి పారి హడ్సన్ బేలో కలుస్తుంది, మిగతాది పడమటికి పారి పసిఫిక్‌లో కలుస్తుంది. తూర్పు నుంచి వస్తుంటే ఎక్కినట్టే తెలియలేదు. అసలు లోతంతా అవతలి వైపు, దిగేటప్పుడే కనిపించింది.

ఫీల్డ్ అనే చిన్న ఊరు దాటి ఇంకాస్త పోతే వాప్టా జలపాతం. కారు దిగి రెండు కిలోమీటర్ల పైచిలుకు అడవిలో నడవాలి. మొదట చదునుగానే ఉంది. చివర్లో దిగుడు, కాళ్లకి అడ్డంపడే వేళ్లు. జలపాతం కంటికి కనపడకముందే నీళ్ల హోరు వినపడింది. కిందికి దిగేసరికి కళ్లద్దాల మీదంతా తుంపర. నది ఒడ్డు నుంచి ఒడ్డు దాకా ఒకే గోడలా పడుతోంది.

ఈ దగ్గర్లోనే 1858 ఆగస్టు 29న హెక్టర్ ప్రాణం పోయినంత పనైంది. ఎడిన్‌బరోలో పుట్టిన ఆయన అక్కడే వైద్యం చదువుతూ భూగర్భశాస్త్రం పాఠాలకి కూడా వెళ్లేవాడు. ఇరవై మూడేళ్లకే, కెనడా పడమటి ప్రాంతాల్ని పరిశోధించడానికి బ్రిటన్ పంపిన పాలిజర్ దళంలో డాక్టరుగా, భూగర్భ శాస్త్రవేత్తగా ఈ దేశం వచ్చాడు. ఆ రోజు సామాన్ల గుర్రం ఒకటి నదిలో పడింది. అందరూ దాన్ని బయటికి లాగే పనిలో ఉంటే, ఆయన సొంత గుర్రం ఎటో పోయింది. పట్టుకోబోతే గుండెల మీద తన్నింది. గంటల తరబడి స్పృహ లేదు. చనిపోయాడనుకుని తోటివాళ్లు గొయ్యి కూడా తవ్వారని చెప్పుకుంటారు. దళంలోని పీటర్ ఎరాస్మస్, స్టోనీ అనే స్థానిక తెగకి చెందిన దారి చూపే మనిషి ఒకడు, ఇంకొందరు వెంట ఉన్నారు. తిండి దాదాపు అయిపోయింది. అయినా ఆయన కొద్ది రోజుల్లోనే ఆ నొప్పితోనే గుర్రమెక్కి ఈ కనుమ దాటాడు. నదికి, కనుమకి ఆ తన్ను పేరే నిలిచింది. పాతికేళ్లు తిరిగాక కెనడియన్ పసిఫిక్ రైలు దారి ఇటునుంచే వేశారు.

ఒడ్డున ఒక రాయి తీసి చూశాను. పలకలాగా పొరలు పొరలుగా, తడికి ఆకుపచ్చ ఛాయతో మెరుస్తోంది. చెయ్యి అలవాటుగా జేబు వైపు పోయింది.

"నాన్నా, ఇది నేషనల్ పార్కు. రాయి కూడా తీసుకెళ్లకూడదు" అన్నాడు వాడు.

ఎక్కడ తీశానో సరిగ్గా అక్కడే పెట్టాను.

తర్వాతి కథ న్యూజిలాండ్‌ది. 1862లో హెక్టర్ అక్కడి ఒటాగో ప్రాంతానికి వెళ్లాడు. 1865 నుంచి వెల్లింగ్టన్‌లో భూగర్భ సర్వేకి, కలోనియల్ మ్యూజియానికి ఆయనే డైరెక్టరు. అలా 1903 దాకా. రాళ్లు, శిలాజాలు, మొక్కలు, తిమింగలాల ఎముకలు, ఏది దొరికినా చేర్చి పేరు రాసి దాచాడు. అక్కడి సముద్రంలో తప్ప ఇంకెక్కడా లేని చిన్న డాల్ఫిన్‌కి ఆయన పేరే పెట్టారు. ఆ మ్యూజియమే ఇప్పటి టె పాపా. ఎప్పటికైనా వెళ్లాలని ఉంది.

గోల్డెన్ అనే ఊరు దాటి రెవెల్‌స్టోక్ చేరేలోపు గడియారం గంట వెనక్కి వెళ్లింది. ఆ దారంతా నేను పెద్దగా మాట్లాడలేదు. 1903లో, అరవై తొమ్మిదేళ్ల వయసులో, కుర్రతనంలో తిరిగిన కొండలు మళ్లీ చూడాలని హెక్టర్ వచ్చాడు. కొడుకు డగ్లస్‌ని వెంట తెచ్చుకున్నాడు. దారిలో ఆ కుర్రాడికి కడుపునొప్పి మొదలైంది. అపెండిసైటిస్. రెవెల్‌స్టోక్‌లో చనిపోయాడు. తండ్రి స్వయానా డాక్టరు. కొడుకుని ఆ ఊళ్లోనే మట్టిచేసి, ఇంక ఏ కొండా చూడకుండా వెనక్కి వెళ్లిపోయాడు. మరో నాలుగేళ్లకి, 1907లో ఆయనా పోయాడు.

మా వాడికి పదో తరగతిలో అదే నొప్పి వచ్చింది. నెల్లూరులో రాత్రికి రాత్రే ఆపరేషన్ చేశారు. ఆ వరండాలో పడిన టెన్షన్ నాకు ఇప్పటికీ కళ్లకి కట్టినట్టే ఉంటుంది. తెల్లవారి వాడు నీళ్లు అడిగాడు.

రెవెల్‌స్టోక్‌లో సాయంత్రం చల్లగా ఉంది. ఊరి మధ్య నుంచే పట్టాలు. గూడ్సు బండి ఒకటి వెళ్తూనే ఉంది, ఎంతకీ తెగదు. వాడు కారుకి ఆనుకుని పెట్టెలు లెక్కపెడుతున్నాడు, చిన్నప్పుడు గూడూరు జంక్షన్‌లో లెక్కపెట్టినట్టే. నూట పదహారు దగ్గర తప్పిపోయాడు. నేను పెరుగన్నం డబ్బా మూత తీసి వాడి చేతికిచ్చాను.