తాతయ్య పిలిచినా రానంది

ఇండియా నుంచి మా అమ్మానాన్నలు వచ్చారని ఈ వారాంతానికి డాల్ఫిన్ షో టికెట్లు తీసుకుంటే, మా అమ్మాయి నేను రానంది. "మీరు కూడా వెళ్ళొద్దు తాతయ్యా" అని మా నాన్నతో అనేసరికి ఆయన ముఖం చిన్నబోయింది.

దీనికంతటికీ మూలం మేమందరం కలిసి చూసిన సినిమా, 2011లో వచ్చిన 'డాల్ఫిన్ టేల్'. పీతల బోను తాడుకి చిక్కుకుని తోక పోగొట్టుకున్న పిల్ల డాల్ఫిన్‌కి కృత్రిమ తోక పెట్టి మళ్ళీ ఈదించే కథ. నిజంగా జరిగిందే. 2005 డిసెంబరులో ఫ్లోరిడా తీరంలో దొరికిన ఆ డాల్ఫిన్ పేరు వింటర్, సినిమాలో నటించిందీ అదే. తోక లేక చేపలా పక్కలకి ఊగుతూ ఈదేది. డాల్ఫిన్లు తోకని పైకీ కిందకీ ఆడించాలి, అలాగే వదిలేస్తే వెన్నెముక పాడయ్యేది. కృత్రిమ తోక చర్మాన్ని ఒరుసుకోకుండా చేసిన మెత్తటి జెల్ తొడుగు తర్వాత కాళ్ళు పోయిన మనుషులకూ పనికొచ్చింది. ఈ మాట మా నాన్నకి ఎంత నచ్చిందంటే మర్నాడు ఫోన్ చేసిన చుట్టాలందరికీ చెప్పారు.

అమ్మాయి మాత్రం వేరే ప్రశ్న పట్టుకుంది. బాగయ్యాక సముద్రంలో ఎందుకు వదల్లేదు? తోక లేకుండా అక్కడ బతకలేదు కదా అన్నాను. తర్వాత 2014లో వచ్చిన రెండో భాగం చూశాం. అందులో హోప్ అనే పిల్లకి తోక ఉంది, కానీ తల్లి చనిపోయింది. డాల్ఫిన్ పిల్లలు కొన్నేళ్ళపాటు తల్లి వెంటే తిరుగుతూ వేట నేర్చుకుంటాయి, అది నేర్చుకోకముందే తల్లి పోయింది కాబట్టి దాన్నీ వదల్లేదు. "అంటే వదలడానికి వీల్లేని వాటినే ఉంచుకోవాలి. మరి షోలో ఎగిరేవాటికి ఏమైంది?" అంది. నా దగ్గర జవాబు లేదు. పైగా ఎక్కడ చదివిందో, 2013 నుంచి ఇండియాలో డాల్ఫిన్ షోలకి అనుమతి ఇవ్వడం లేదని తాతయ్యకే చెప్పింది. మన దేశం గురించి నేను చెప్పకుండా తను తెలుసుకున్న సంగతి ఇదొక్కటే అనుకుంటా, నాకు లోపల గర్వంగానే ఉంది.

అయినా పట్టుబట్టాను. అంత దూరం నుంచి వచ్చిన పెద్దవాళ్ళు సరదా పడితే కాదంటావా అన్నాను. మూగజీవాల్ని బాధపెట్టకూడదని చిన్నప్పటి నుంచి చెప్పిందీ నేనే, నచ్చనిది నచ్చలేదని చెప్పమన్నదీ నేనే. బయటివాళ్ళ దగ్గర అలా ఉండాలి, తాతయ్య దగ్గర ఉండకూడదు అంటే ఏ పిల్లకి అర్థమవుతుంది? మీ ఇంట్లో కూడా ఈ సినిమా చూపించండి, పిల్లలతో మాట్లాడండి అని రాద్దామనే కూర్చున్నాను. ఆ మాట మీదే ఉన్నాను, కానీ మాట్లాడాక ఏం చేయాలో నాకే తేలలేదు.

డాల్ఫిన్ల విషయంలో తన పక్కన నిలబడటం నాకు తేలికే, ఇక్కడ నన్ను అడిగేవాళ్ళు లేరు. వేసవిలో ఇండియా వెళ్ళినప్పుడు గుళ్ళో గొలుసుతో కట్టేసిన ఏనుగుని చూసి ఇదే ప్రశ్న వేస్తే? అప్పుడూ తన పక్కనే నిలబడాలని ఉంది. కానీ మా అమ్మ అక్కడే ఉండి "పిల్ల అడిగిందని దేవుడి ఏనుగుకి వంక పెడతావా" అంటే నా నోరు లేస్తుందో లేదో ఇప్పుడు చెప్పలేను.