ఉపాధి హామీ రోడ్డు బిల్లు కోసం హైకోర్టు దాకా: నా అనుభవం

2018 చివర్లో మా ఊళ్లో రెండు వీధులకు సిమెంటు రోడ్లు వేశాను. మాది ప్రకాశం జిల్లా. ఉపాధి హామీ పథకంలో మెటీరియల్ నిధుల పని అది, అంటే కూలి కాకుండా సామగ్రికి ఇచ్చే డబ్బుతో చేసేది. ఆ పథకంలో కాంట్రాక్టర్లు ఉండకూడదని చట్టమే చెప్పింది. అందుకని కాగితం మీద పని చేసేది పంచాయతీ. అప్పు తెచ్చి కంకర, ఇసుక, సిమెంటు దించి పని చేయించేది నాలాంటివాళ్లు. బిల్లు పంచాయతీ ఖాతాలో పడి, అక్కడి నుంచి మాకు రావాలి. మా కష్టాలకు మూలం అక్కడే ఉంది.

ఏఈ (అసిస్టెంట్ ఇంజనీర్) గారు కొలతలు తీసి ఎం బుక్‌లో, అంటే పని కొలతలు నమోదు చేసే పుస్తకంలో రాశారు. ఆయన పై అధికారి డీఈ గారు ఆ కొలతలు మళ్లీ సరిచూసి చెక్ మెజర్‌మెంట్ చేశారు. ఇక డబ్బులు రావడమే తరువాయి అనుకుంటుండగా 2019లో ప్రభుత్వం మారింది. పాత పనుల బిల్లులు ఆపేసి, విచారణ జరిగాకే చెల్లింపులన్నారు.

విచారణ వద్దని నేనెప్పుడూ అనలేదు. పని చేయకుండా బిల్లు పెట్టినవాడిని పట్టుకోవాల్సిందే. మా వీధికి క్వాలిటీ కంట్రోల్ వాళ్లు వచ్చి, మిషన్ బిగించి, నీళ్లు పోస్తూ రోడ్డుకు బెజ్జం కొట్టారు. సిమెంటు బురద పక్క కాలవలోకి కారింది. గుండ్రటి ముక్క బయటికి తీసి టేపు పెట్టి కొలిస్తే ఆరంగుళాల పైన ఇంకో పావు అంగుళం మందం ఉంది. వీధి వీధంతా చుట్టూ నిలబడి చూసింది. ఆ బెజ్జం పూడ్చడానికి సిమెంటు కూడా నేనే తెచ్చాను. రిపోర్టు బాగానే వెళ్లింది, బిల్లు మాత్రం కదల్లేదు.

మండలంలో అడిగితే జిల్లాలో ఉందంటారు, జిల్లాలో అడిగితే పైనుంచి నిధులు రావాలంటారు. నేను తెచ్చిన అప్పు నూటికి రెండు రూపాయల వడ్డీ. సిమెంటు కొట్టు బాబాయ్ మంచి మనిషి, గట్టిగా అడిగేవాడు కాదు. ఒకరోజు మాత్రం, "రోడ్డు మీద బళ్లు తిరుగుతున్నాయి, నా డబ్బులెప్పుడు తిరిగొస్తాయిరా అబ్బాయ్?" అన్నాడు. ఆ రాత్రే కోర్టుకు వెళ్లాలని గట్టిగా అనుకున్నాను.

ముందు పది రూపాయల ఫీజుతో సమాచార హక్కు దరఖాస్తు పెట్టి, ఎం బుక్ నకలు, పని పూర్తయినట్టు ఇచ్చిన సర్టిఫికెట్, క్వాలిటీ కంట్రోల్ రిపోర్టు అడిగాను. ఇలాంటి ఇబ్బందిలో ఉన్నవాళ్లు ఎవరైనా మొదట చేయాల్సింది ఇదే. నోటిమాటగా ఎంతమందిని బతిమాలినా ఫైల్లో ఏమీ మిగలదు. సంతకాలున్న ఎం బుక్ నకలు చేతికొస్తే, పని జరగలేదని ఎవరూ అనలేరు.

హైకోర్టులో రిట్, అంటే బిల్లు చెల్లించేలా ప్రభుత్వాన్ని ఆదేశించమనే పిటిషన్ వేసేటప్పుడు మా లాయరు గారు ప్రభుత్వంతో పాటు పంచాయతీని, కార్యదర్శిని కూడా ప్రతివాదులుగా చేర్చారు. అదెందుకో అప్పుడు నాకు అర్థం కాలేదు. మాలాంటి పిటిషన్లు వందల్లో ఉన్నాయి. 2021 అక్టోబరులో తీర్పు వచ్చింది: నాలుగు వారాల్లో 12 శాతం వడ్డీతో చెల్లించాలని, బిల్లులో 20 శాతం కోత పెట్టి ఇస్తామన్న ప్రభుత్వ ఉత్తర్వు చెల్లదని. ఆ మాట ఫోన్లో విని మా ఆవిడ ఏడ్చేసింది.

కొన్నాళ్లకు డబ్బు వచ్చింది, పంచాయతీ ఖాతాలోకి. అంతకుముందే, 2021 ఫిబ్రవరిలో పంచాయతీ ఎన్నికలు అయ్యాయి. పని జరిగినప్పుడు ఊళ్లో ప్రత్యేకాధికారి పాలన. కొత్త పాలకవర్గం, "ఆ పని మా హయాంలోది కాదు" అంటూ చెల్లింపుకు సంతకం పెట్టలేదు. నాకు రావాల్సిన డబ్బు మా ఊరి ఖాతాలోనే ఉంది, నేను తీసుకోలేను. కోర్టుకెళ్లక ముందు కూడా నేనంత టెన్షన్ పడలేదు. మళ్లీ లాయరు గారి దగ్గరికి పరిగెత్తి కోర్టు ధిక్కరణ పిటిషన్ వేశాం. కార్యదర్శి ముందు నుంచీ కేసులో ఉన్నారు కాబట్టి తీర్పు సంగతి తెలియదనడానికి వీల్లేకపోయింది. నోటీసు అందాక సంతకం పడింది.

అసలు మొత్తం వచ్చింది. ముందు బాబాయ్ బాకీ తీర్చాను, తర్వాత మేస్త్రీలకు, ట్రాక్టర్ల వాళ్లకు ఇచ్చాను. కోర్టు చెప్పిన 12 శాతమంటే రూపాయి వడ్డీ, నేను కట్టింది రెండు రూపాయలు. ఆ రూపాయి కూడా ఇంకా చేతికి రాలేదు. దానికోసం లెక్కకట్టి, తీర్పు కాపీ జతచేసి అర్జీ ఇచ్చి రశీదు తీసుకున్నాను. జవాబు రాకపోతే దానిమీదా మళ్లీ కోర్టుకు వెళ్తాను.