ట్రామ్ స్టాపు పేరు

బుడాపెస్ట్‌లో నేను రోజూ 4వ నంబరు ట్రామ్ దిగే స్టాపు యాసయి మరి స్క్వేర్. అనౌన్స్‌మెంట్‌లో "మరి" అని వినబడగానే "మరి?" అని నవ్వుకునేదాన్ని. అది ఒక హంగేరియన్ నటి పేరట. ఆవిడెవరో నెలన్నరకి గానీ కనుక్కోలేదు, సిగ్గేసింది.

1850లో ఆసార్ అనే పల్లెలో, వడ్రంగి ఇంట పుట్టింది. చిన్నప్పుడే ఇళ్లల్లో పనికి కుదిరింది. 1866లో, పదహారేళ్లకే, నాటకాల వాళ్లతో వెళ్లిపోయింది. ఆ వయసులో నాకు ఇంటర్ పరీక్షలంటేనే టెన్షన్! 1872 నుంచి నేషనల్ థియేటర్. ఎలెక్ట్రా, మెడియా, లేడీ మక్బెత్... ఇళ్లల్లో చాకిరీ చేసిన పిల్ల రాణుల వేషాలు కట్టింది. 1926లో పోయింది.

ఇవాళ అనౌన్స్‌మెంట్ పూర్తయ్యేదాకా తలుపు దగ్గరే నిలబడ్డాను. వెనక ముసలాయన గొణుక్కుంటూ పక్కనుంచి దిగిపోయాడు.